మోడిఫయర్లు రావడం లేదని కోడింగ్ మానేయాలా?

ప్రశ్న: మా అమ్మాయి బీఫార్మసీ పూర్తి చేసి, అమీర్‌పేటలో మెడికల్ కోడింగ్ నేర్చుకుంది, అదే, అమెరికా రోగుల ఛార్టులు చదివి బిల్లుల కోసం చికిత్సలకు కోడ్లు పెట్టే పని. కోడ్లు బాగానే పెడుతుంది గానీ, ఆ చికిత్స ఏ పరిస్థితిలో జరిగిందో చెప్పడానికి కోడ్ పక్కన చేర్చే మోడిఫయర్ల దగ్గర తడబడుతోంది. 25, 59 మీద అడిగిన ప్రశ్నలతోనే రెండు ఇంటర్వ్యూలు పోయాయి. పట్టిక కంఠస్థం చేయమని రోజూ చెబుతున్నా ఫలితం లేదు. ఇది వదిలేసి ఎంఫార్మసీలో చేర్పించమంటారా? రెండింటినీ పోల్చి చెప్పగలరు. - ఒక తండ్రి, ఖమ్మం

జవాబు: పోల్చే ముందు ఒక మాట. మీరు అడిగింది ఎంఫార్మసీ గురించే అయినా, మీ బెంగ వేరు. కట్టిన ఫీజు నీళ్లపాలైందేమో, అమ్మాయికి ఈ పని చేతకాదేమో, రేపు చుట్టాలు అడిగితే ఏం చెప్పాలో అన్నది మీ బెంగ. కోడింగ్ బ్యాచ్ ఒకటి ముగిసినప్పుడల్లా నాకు ఇవే ఉత్తరాలు వస్తాయి, ఊరి పేరు మాత్రం మారుతుంది. ముందుగా ఊపిరి పీల్చుకోండి. మోడిఫయర్ల దగ్గర తడబడని ఫ్రెషర్ అంటూ ఉండరు. ఫ్రెషర్ల సంగతి అలా ఉంచండి, అమెరికా ప్రభుత్వ ఆరోగ్య బీమా పథకం మెడికేర్ 2002లో 25 మోడిఫయర్ (ప్రొసీజర్ చేసిన రోజే విడిగా సంప్రదింపు కూడా జరిగిందని చెప్పేది) చూసి డబ్బు చెల్లించిన క్లెయిముల్లో 35 శాతం నిబంధనలకు నిలబడలేదని అమెరికా ఆరోగ్య శాఖ తనిఖీ విభాగమే 2005లో తేల్చింది. ఆ సొమ్ము 53.8 కోట్ల డాలర్లు. ఒకే రోజు చేసిన రెండు ప్రొసీజర్లు వేర్వేరని చెప్పే 59 పరిస్థితి ఇంకా అధ్వానం, పరిశీలించిన కోడ్ల జంటల్లో 40 శాతం చెల్లనివే. అక్కడ ఆ పనిలోనే ఉన్నవాళ్లు అలా తప్పారు. మూడు నెలల కోర్సు చేసిన పిల్ల రెండు ప్రశ్నలు తప్పితే కొంప మునగదు.

ఇక మీకు కోపం వచ్చినా సరే, చెప్పాల్సింది చెబుతాను. పట్టిక బట్టీ పట్టించడమే మీరు చేస్తున్న పొరపాటు. మోడిఫయర్లు ఎక్కాల్లా అప్పజెప్పేవి కావు. డాక్టరు ఛార్టులో ఏం రాశారో చదివి, ఆ రాత దేన్ని నిలబెడుతుందో తేల్చే పని అది.

ఒక ఛార్టు చూద్దాం. కుడి మోకాలి నొప్పితో రోగి వచ్చాడు, డాక్టరు కీలులో ఇంజెక్షన్ ఇచ్చారు. దాని కోడ్ 20610, కుడివైపు కాబట్టి ఆర్‌టీ అన్న మోడిఫయర్. ఇంజెక్షన్ ఇవ్వాలని ముందే అనుకున్నది, ఆ రోజు మోకాలు చూసి ఇచ్చి పంపారు అంటే లెక్క అంతే. సంప్రదింపుకు 99213 వేసి దానికి 25 తగిలించకూడదు, ఇంజెక్షన్‌కు ముందు ఆ మాత్రం చూడటం ఇంజెక్షన్ రుసుములోనే కలిసి ఉంటుంది. అదే రోజు రక్తపోటు ఎక్కువగా ఉందని గమనించి, పరీక్షించి, మందు మార్చినట్టు డాక్టరు రాసి ఉంటే అప్పుడు 99213కి 25 న్యాయంగా వస్తుంది. ఇక్కడే చాలా కోచింగ్ సెంటర్లు తప్పు నేర్పుతాయి, 25 పెట్టాలంటే జబ్బు వేరుగా ఉండి తీరాలని. నిబంధన అలా లేదు. జబ్బు ఒకటే అయినా, ఆ ప్రొసీజర్‌కు మామూలుగా అవసరమైన దానికి మించి, విడిగా చూపగలిగినంత పని డాక్టరు చేసి, అది రాసి ఉంటే చాలు. ఇంటర్వ్యూలో అడిగేది సరిగ్గా ఈ మడతపేచీనే.

కంటి శుక్లం ఆపరేషన్ తీసుకోండి. కోడ్ 66984, దానికి 90 రోజుల గ్లోబల్ పీరియడ్, అంటే ఆ గడువులో ఆపరేషన్ తర్వాతి మామూలు సంరక్షణ ఆపరేషన్ రుసుములోనే కలిసి ఉంటుంది. ఎడమ కంటికి చేసిన మూడు వారాలకు కుడి కంటికి చేశారు. ఉత్త ఆర్‌టీతో పంపితే మొదటి ఆపరేషన్ గడువులో పడిందని క్లెయిమ్ వెనక్కి వచ్చే ప్రమాదం ఉంది, మొదటిదానితో సంబంధం లేని ప్రొసీజర్ అని చెప్పే 79 కూడా ఉండాలి. మొదటి ఆపరేషన్ తేదీ వెతికి చూసుకోని వాళ్లకు పట్టిక మొత్తం నోటికి వచ్చినా ఇది తట్టదు.

59 గురించి నాకు అసలైన భయం ఉంది. ఏ రెండు కోడ్లు ఒకే రోజు కలిపి బిల్లు చేయకూడదో మెడికేర్ జాబితా ఇస్తుంది. ఆ జంట పక్కన 0 ఉంటే ఏ మోడిఫయరూ పనిచేయదు. 1 ఉంటే, వేరే చోట చేశారనో వేరే సమయంలో చేశారనో ఛార్టు చెప్పినప్పుడు మాత్రమే మోడిఫయర్ చెల్లుతుంది. 59 మరీ మోటుగా ఉందనే 2015 నుంచి దాని బదులు మరింత కచ్చితంగా చెప్పే ఎక్స్‌ఈ, ఎక్స్‌ఎస్, ఎక్స్‌పీ, ఎక్స్‌యూ మోడిఫయర్లు తెచ్చారు. అయినా "డినయల్ (క్లెయిమ్ తిరస్కరణ) వస్తే 59 కొట్టు" అని తరగతిలో చెప్పేవారు ఉన్నారు. తెలిసి తప్పుడు క్లెయిమ్ పంపితే అక్కడి చట్టం మూడింతల నష్టపరిహారం కట్టిస్తుంది. మీ అమ్మాయికి ఎవరైనా అలా నేర్పి ఉంటే, ఆ ఇంటర్వ్యూలు పోవడమే మంచిదైంది.

ఈ రంగం మీద నాకున్న అనుమానాలు కూడా దాచను. నూరు శాతం ఉద్యోగం అని బోర్డు పెట్టిన చోటల్లా జాగ్రత్త పడమంటాను. సీపీసీ అనే కోడర్ సర్టిఫికెట్ వచ్చినా అనుభవం లేనివారికి దాని పక్కన అప్రెంటిస్ అన్న 'ఏ' అక్షరం ఉంటుంది, కంపెనీలు దాన్ని చూస్తాయి. రోజువారీ టార్గెట్, 95 శాతం కచ్చితత్వం అంటూ ఒత్తిడి మామూలే. ఎక్స్‌రే రిపోర్టుల్లాంటి తేలిక ఛార్టులకు సాఫ్ట్‌వేర్లే కోడ్లు పెట్టేస్తున్నాయి, కాబట్టి కోడ్ వెతికి పెట్టడం ఒక్కటే వచ్చినవాళ్లకు రానున్న రోజులు గడ్డువే. శస్త్రచికిత్సల కోడింగ్, డినయల్స్, ఆడిట్‌లలో మనిషి అవసరం ఇంకా ఉంది. అక్కడ ఎక్కువగా నడిచేది మోడిఫయర్ల పనే. ఫ్యాషన్ అని చేరినవాళ్లకు అంత ఓపిక ఉంటుందా అన్నది నా సందేహం. మీ అమ్మాయికి ఉందో లేదో మీరు రాయలేదు. అడిగినట్టూ లేదు.

ఎంఫార్మసీ అంటారా, అది రెండేళ్ల చదువు. బోధన, పరిశోధన, మందుల తయారీ వైపు మనసుంటే నిక్షేపంగా చదివించండి. ఇంటర్వ్యూ పోయిందన్న ఉక్రోషంతో చేర్పిస్తే రెండేళ్ల తర్వాత ఇదే ఉత్తరం మళ్లీ రాస్తారు. బీఫార్మసీ చదివిన పిల్లకు శరీర నిర్మాణం, మందుల పేర్లు ముందే తెలుసు, ఛార్టు చదవడానికి అదే పెట్టుబడి. వృథా ఏమీ కాలేదు.

అమ్మాయితో ఇలా చేయించండి. కోర్సులో ఇచ్చిన నమూనా ఛార్టుల్లో మోడిఫయర్ పెట్టిన ప్రతిచోటా, దాన్ని నిలబెట్టే వాక్యం కింద గీత గీయమనండి. వాక్యం దొరకకపోతే మోడిఫయర్ కొట్టేయాలి. కోడ్ల జంటల జాబితా, దాని నియమావళి మెడికేర్ సంస్థ వెబ్‌సైట్‌లో ఉచితంగానే ఉన్నాయి, మళ్లీ ఫీజు కట్టనక్కర్లేదు. రెండు నెలలు అలా చేశాక ఇంటర్వ్యూలకు పంపండి. అక్కడ జవాబు ఒక్కటే చెప్పి ఊరుకోకుండా, ఛార్టులో ఏ వాక్యం చూసి ఆ నిర్ణయానికి వచ్చిందో వివరించమనండి. ఈలోగా మీరు సాయంత్రాలు పట్టిక అప్పజెప్పించుకోవడం మానేయండి. ఎంఫార్మసీ దరఖాస్తు నింపాలో వద్దో అప్పుడు ఆమెనే అడగండి.