‘ఎ గర్ల్ వాక్స్ హోమ్ అలోన్ ఎట్ నైట్’ను ఏ తరహా చిత్రంగా చూడాలి?

ఇది రక్తపిశాచి కథా, కౌబాయ్ చిత్రాల తరహా వెస్టర్నా, ప్రేమకథా అని అడిగారు. మూడూ అవునని చెప్పడం తేలికే కానీ, ఆ మూడింటినీ కలిపి ఉంచుతున్నదేమిటో చెప్పినప్పుడే అది సమీక్ష అవుతుంది. ఇరానీ మూలాలున్న అమెరికన్ దర్శకురాలు అనా లిలీ అమీర్‌పూర్ తీసిన ఈ నలుపు తెలుపు చిత్రం 2014లో సన్‌డాన్స్ చిత్రోత్సవంలో తొలిసారి ప్రదర్శితమైంది. సంభాషణలు పారశీకంలోనే సాగినా, కథ జరిగే ఊరు, చమురు యంత్రాలు ఊగుతూ కనిపించే ‘బ్యాడ్ సిటీ’ని కాలిఫోర్నియాలో చిత్రీకరించారు, అందుకే అది ఇరానూ కాక, అమెరికా కూడా కాక, సినిమాల్లో మాత్రమే ఉండగల ఊరిలా అనిపిస్తుంది.

ఇరాన్ స్త్రీలు ఒళ్లంతా కప్పుకునే నల్లటి చాదర్‌తో స్కేట్‌బోర్డు మీద తిరిగే రక్తపిశాచి అమ్మాయిని చూసి బెదరవలసింది ఆడవాళ్లను పీడించే మగవాళ్లే. వేషాల విందులో డ్రాకులా దుస్తులు వేసుకున్న యువకుడు ఆరష్ మత్తులో దారితప్పి నిజమైన పిశాచికి ఎదురుపడడం చక్కటి హాస్యం. తరువాత తన గదిలో, పాట మోగుతుండగా, ఆమె అతని తల వెనక్కి వంచి మెడను బయటపెట్టి, కొరకకుండా ఛాతీపై తల ఆనించే దీర్ఘమైన షాట్‌లో భయమూ ప్రేమా విడదీయలేనంతగా కలిసిపోతాయి. కథ పలచనిది, నడక నెమ్మది, కొన్ని దృశ్యాల్లో సొగసు తప్ప మరేమీ లేదు. భయపెట్టడమే కొలమానంగా పెట్టుకుంటే మాత్రం నిరాశ తప్పదు.