పిస్తోలూ పట్టకారూ: పళ్ల డాక్టరు సినిమా జవాబులు

పోయిన నెల ఈ శీర్షికలో 1993 నాటి ‘టూంబ్‌స్టోన్’ సినిమా గురించి, అందులో వాల్ కిల్మర్ వేసిన పాతకాలపు అమెరికా తుపాకీవీరుడు డాక్ హాలిడే పాత్ర గురించి నాలుగు ముక్కలు రాశాను. ఎప్పుడూ రెండు మూడు ఉత్తరాలకు మించి రావు. ఈసారి కట్ట వచ్చింది. అందులో ఒకరు పంటి నొప్పికి మందు కూడా అడిగారు. వారికి విడిగా జవాబు రాశాను, ఇక్కడ వెతకవద్దు.

మద్దిలపాలెం నుంచి ఓ పాఠకుడు: డాక్ హాలిడే “ఐ యామ్ యువర్ హకల్‌బెర్రీ” అంటాడు. అది అడవిలో కాసే పండు కదా? శవపేటిక మోసేవాడని అర్థమంటూ మా అబ్బాయి ఫోన్‌లో ఏదో చూపించాడు. ఏది నిజం? తెలుగులో ఎలా అనాలి?

శవపేటిక కథ తర్వాత ఎవరో అల్లింది. ‘ఆ పనికి తగినవాణ్ణి నేనే’ అని చెప్పడానికి పందొమ్మిదో శతాబ్దపు అమెరికాలో ఈ మాట వాడేవారు. కిల్మర్ 2020లో రాసుకున్న ఆత్మకథకు కూడా ఇదే మాట పేరుగా పెట్టుకున్నాడు.

తెలుగు చెయ్యడానికి నేనూ తంటాలు పడ్డాను. ‘నీకు కావలసినవాణ్ణి నేనే’ అంటే పెళ్లిచూపుల్లో కూర్చున్నట్టుంది. ‘రా, నాతో చూసుకో’ అంటే తొడ కొట్టినట్టుంది. ఆ పాత్ర అరవదు, తొడ కొట్టదు. ఎదుటివాడు చంపడానికి మనిషి కావాలని వెతుకుతుంటే, పేకాటలో ఒక చెయ్యి తక్కువైనప్పుడు పక్కింటాయన లేచి వచ్చినంత తాపీగా వస్తాడు. అందుకే నా అనువాదం ‘నేనొస్తాలే’. మా పెద్దజాలరిపేట పేషెంట్లయితే ‘నానున్నాను కదేటి’ అనేవారు. అది ఇంకా బాగుంది.

గాజువాక నుంచి ఓ పాఠకురాలు: ఆయన నిజంగానే పళ్ల డాక్టరా? లేక మీ వృత్తి కాబట్టి కలిపేశారా?

అమ్మా, నలభై ఏళ్లు డాబాగార్డెన్స్‌లో పళ్లు పీకాను. మా వృత్తికి సినిమాలో దొరికిన ఒకే ఒక్క హీరో ఆయన. మిగతా సినిమాల్లో మేమంతా కమెడియన్లమే.

జాన్ హెన్రీ హాలిడే 1851లో జార్జియా రాష్ట్రంలో పుట్టాడు. తనకు పదిహేనేళ్లప్పుడే తల్లి క్షయతో పోయింది. 1872లో ఫిలడెల్ఫియాలో దంతవైద్యం పట్టా తీసుకున్నాడు. మరుసటేడు తనకూ క్షయ అని తేలింది. పొడిగాలి మంచిదంటే డల్లాస్ వెళ్లి ప్రాక్టీసు పెట్టాడు. అక్కడి సంతలో బంగారు పళ్ల సెట్టుకు బహుమతి కూడా కొట్టాడు! తుపాకీ సంగతి పక్కన పెట్టండి, ఆ కాలపు పనిముట్లతో బంగారంలో పళ్లు కట్టడమంటే ఏమిటో నాకు తెలుసు. చెయ్యి ఏమాత్రం వణక్కూడదు.

కానీ పేషెంటు నోట్లోకి వంగి చూస్తూ దగ్గే డాక్టరు దగ్గరికి ఎవరొస్తారు? జనం తగ్గారు. పేకాట మిగిలింది. పేకాట ఉన్నచోట పిస్తోలు తప్పదు. 1878లో డాడ్జ్ సిటీ పత్రికలో ఆయన ఇచ్చిన ప్రకటన ఒకటుంది. దంతవైద్య సేవలందిస్తాను, తృప్తి లేకపోతే డబ్బు వాపసు, అని. ఇది మొదటిసారి చదివినప్పుడు క్లినిక్‌లో ఒక్కణ్ణే కూర్చుని నవ్వాను. డబ్బు వాపసు అని నేనెప్పుడూ రాయలేదు, ఆ ధైర్యం నాకు లేదు. అయినా నడుముకు పిస్తోలు కట్టుకున్న డాక్టరు దగ్గరికెళ్లి ‘తృప్తి లేదండీ’ అనేవాడెవడు?

ఇక మాటతీరు. 1881 అక్టోబరు 26న అరిజోనాలోని టూంబ్‌స్టోన్ ఊళ్లో హాలిడే పాల్గొన్న ఓకే కొర్రాల్ కాల్పులు మొత్తం అర నిమిషం. కొర్రాల్ అంటే గుర్రాల దొడ్డి. సుమారు ముప్పై తూటాలు పేలాయి, ముగ్గురు పోయారు. (అసలు జరిగింది కొర్రాల్‌లో కాదు, దగ్గర్లోని ఓ ఖాళీ జాగాలో. సినిమాకు ‘ఖాళీ జాగా’ అని పేరు పెడితే టికెట్లు తెగవు.) ఆ గొడవలో ఎదుటివాడు ‘నువ్వు దొరికావు’ అంటే, ‘కాల్చు, అదే నిజమైతే నువ్వు మొనగాడివే’ అని హాలిడే అన్నట్టు అప్పటి ఊరి పత్రికలోనే అచ్చయింది. కాబట్టి ఆయన నోటిదురుసు అంతా సినిమావాళ్ల కల్పన కాదు.

నాకు బాగా గుచ్చుకునే తేదీ మరొకటి ఉంది. క్షయకు కారణం ఓ సూక్ష్మజీవి అని జర్మన్ వైద్యుడు రాబర్ట్ కోచ్ బెర్లిన్‌లో ప్రకటించింది 1882 మార్చి 24న. అంటే కాల్పులు జరిగిన అయిదు నెలలకు. తనను లోపల్నుంచి తింటున్నదేమిటో ఆ అర నిమిషం నాటికి హాలిడేకే కాదు, లోకంలో ఎవరికీ తెలియదు. మందు రావడానికి ఇంకో అరవై ఏళ్లు పట్టింది.

కంచరపాలెం నుంచి ఓ డిగ్రీ విద్యార్థి: చావు ముందు నిలబడి జోకులెలా వస్తాయి సార్? నాకు వైవా ముందే గొంతు ఎండిపోతుంది. ఇదంతా రచయితల ట్రిక్కేనా?

ట్రిక్కు కూడా ఉంది. 1960 నాటి ‘ది మాగ్నిఫిసెంట్ సెవెన్’లో స్టీవ్ మెక్వీన్ ఒక పిట్టకథ చెబుతాడు. ఓ మనిషి పదంతస్తుల మేడ మీంచి పడిపోతున్నాడట. ప్రతి అంతస్తులో వాళ్లకీ వాడి మాట వినిపిస్తోందట: ‘ఇంతవరకూ బాగానే ఉంది’. ఆ మాట కుదరాలంటే నేల ఇంకా తగలకూడదు, తగులుతుందని అందరికీ తెలిసుండాలి. రచయిత చేసే పని అంతే.

కానీ నీ ప్రశ్నకు నా అసలు జవాబు మా పెద్దనాన్న. పోర్టులో కళాసీ. నా చిన్నతనంలో క్షయ వచ్చి చినవాల్తేరు ఛాతీ ఆసుపత్రిలో నెలల తరబడి ఉన్నాడు. మా అమ్మ నన్ను గుమ్మం దగ్గరే ఆపేసేది. అక్కణ్ణుంచే అన్నీ వినేవాణ్ణి. ఎవరో ‘ఎలా ఉంది బావా’ అంటే, ‘మంచం గవర్మెంటుది, దగ్గు నాది. దేనికీ అద్దె లేదు’ అనేవాడు. పక్కమంచం ఖాళీ అయిన రోజు పరుపు తట్టి, ‘ఈడు నాకు రెండ్రూపాయలు బాకీరా, తెలివైనోడు’ అన్నాడు. వార్డంతా నవ్వింది. నాకు ఏడుపొచ్చింది.

స్ట్రెప్టోమైసిన్ సూదులు పనిచేశాయి. ఇంటికొచ్చి ఎనభై దాటేదాకా బతికాడు. ఆ తర్వాత మాత్రం ఆయన నోటివెంట ఒక్క మంచి జోకు రాలేదు. పెన్షను, కరెంటు బిల్లు, అల్లుడి స్కూటరు ఇవే మాటలు. పోగొట్టుకోవడానికి మళ్లీ ఏదో చేతికొచ్చింది కదా, నాలుక జాగ్రత్త పడింది. ఈ తుపాకీవాళ్లది ధైర్యం అని నేననుకోను. వాళ్లు లెక్క ముందే చూసేసుకున్నారు, అందుకే చెయ్యి వణకదు, మాటా వణకదు. నీకు గొంతు ఎండిందంటే ఇంకా మార్కుల మీద ఆశ ఉందన్నమాట. నీళ్లు తాగి వెళ్లు.

సీతమ్మధార నుంచి ఓ రిటైర్డ్ టీచరమ్మ: ప్రాణాలు తీసేవాళ్ల చమత్కారాలను మెచ్చుకోవడం మీ వయసుకు తగునా?

తగదు, ఒప్పుకుంటాను. మీ మాటే క్లింట్ ఈస్ట్‌వుడ్ 1992లో ‘అన్‌ఫర్‌గివెన్’ అని సినిమా తీసి చెప్పాడు. మొదటిసారి మనిషిని చంపిన కుర్రాడు సారా సీసా పట్టుకుని వణుకుతూ, ‘వాళ్లు చేసుకున్నదేలే’ అని సర్దిచెప్పుకోబోతాడు. ముసలి హంతకుడు ‘మనందరం చేసుకున్నదే, బాబూ’ అంటాడు. అది చూసి ఎవరూ ఈల వెయ్యరు. చూడకపోతే చూడండి.

అనకాపల్లి నుంచి ఓ పాఠకుడు: మన కౌబాయ్ సినిమాల్లో ఇలాంటి మాటకారి లేడా?

1971లో వచ్చిన కృష్ణ ‘మోసగాళ్లకు మోసగాడు’తోనే మన దగ్గర కౌబాయ్ మొదలయ్యాడు. దర్శకుడు కె.ఎస్.ఆర్.దాస్, షూటింగ్ రాజస్థాన్ ఎడారిలో. రాసింది ఆరుద్ర, మన విశాఖలో పుట్టినవాడే. కూనలమ్మ పదాలు చదివినవారికి తెలుసు, నాలుగు పొట్టి పాదాల్లో పని పూర్తి చెయ్యగల మనిషి. అయినా మన కౌబాయ్‌కి అమ్మ ఉంటుంది, ప్రతీకారం ఉంటుంది, చివర పెళ్లి ఉంటుంది. ఇన్ని పనులున్నవాడికి చావు మీద జోకులెయ్యడానికి తీరికెక్కడిది?

గోపాలపట్నం నుంచి ఓ పాఠకుడు: హాలిడే ఆఖరి మాట ఏమిటి? అలాంటి మాట మీ క్లినిక్ గోడ మీద ఏదైనా పెట్టారా?

వేడినీటి ఊటల ఆవిరితో ఊపిరితిత్తులు బాగుపడతాయని నమ్మి కొలరాడోలోని గ్లెన్‌వుడ్ స్ప్రింగ్స్ వెళ్లి, 1887 నవంబరు 8న మంచం మీదే పోయాడు. ముప్పై ఆరేళ్లు. తుపాకీ పట్టినవాడు బూట్లతోనే పోతాడని అక్కడి నానుడి. పోయేముందు తన వట్టికాళ్లు చూసుకుని ‘ఇది తమాషాగా ఉందే’ అన్నాడని కథ. జీవితచరిత్రకారులు దీన్ని పెద్దగా నమ్మరు. నేను నమ్ముతాను, సాక్ష్యమేమీ లేకుండానే.

గోడ మీద ఓసారి ‘నేనొస్తాలే’ అని రాయించబోతే మా ఆవిడ ఒప్పుకోలేదు. లోపలికి వచ్చే పేషెంట్లు అది చదివి వెనక్కి పోతారంది. ఇప్పటికీ ఉన్న బోర్డు ఒకటే: ‘చెప్పులు బయట విడవండి’.