బ్యాంకు నోటీసు వస్తే ఇల్లు పోయినట్టేనా?

ప్రశ్న: మావారి వ్యాపారం దెబ్బతిని హోమ్‌లోన్ వాయిదాలు ఆగిపోయాయి. సర్ఫేసీ చట్టం (బాకీ కట్టకపోతే తాకట్టు ఆస్తిని కోర్టుకెళ్లకుండానే బ్యాంకు స్వాధీనం చేసుకోనిచ్చే చట్టం) కింద బ్యాంకు నోటీసు పంపింది. ఇల్లు పోయినట్టేనా?

జవాబు: పోలేదమ్మా, టెన్షన్ పడకండి. ఆ చట్టం 13(2) సెక్షన్ కింద ఇచ్చే ఈ నోటీసులో బాకీ కట్టడానికి 60 రోజుల గడువుంటుంది. ఆలోపే మీ అభ్యంతరాలు రాసివ్వండి. లెక్కలో తేడా కనిపిస్తే అదీ రాయండి. అందినట్టు సంతకం, ముద్ర తప్పక వేయించుకోండి. మేనేజర్ నోటిమాట నమ్మి ఊరుకోవద్దు, నా దగ్గరికొచ్చే చాలామంది అక్కడే నష్టపోతున్నారు. మీ అభ్యంతరాలు ఒప్పుకోకపోతే బ్యాంకు 15 రోజుల్లో కారణాలు చెప్పాలి. స్వాధీనానికి దిగితే, ఆ రోజు నుంచి 45 రోజుల్లోపు రుణ వసూళ్ల ట్రిబ్యునల్‌కు వెళ్లొచ్చు. వేలం ప్రకటన వెలువడేలోపు బాకీ, ఖర్చులు మొత్తం కట్టేస్తే ఇల్లు మీదే. తాకట్టులో సాగుభూమి కూడా ఉందా? దానికి ఈ చట్టం వర్తించదు.