సుగ్గికి వెళ్లిన చోట ప్రమాదం: కేసు మీ జిల్లాలోనే వేయవచ్చు

ప్రశ్న: మాది కర్నూలు జిల్లా కోసిగి మండలం. ఏటా మిర్చి కోతలకు గుంటూరు వైపు సుగ్గికి, అంటే వలస కూలికి, పోతాం. ఈ ఫిబ్రవరిలో పల్నాడు జిల్లాలో మేస్త్రీ మాట్లాడిన ఆటోలో కూలీలు చేనికి పోతుంటే, ఎదురుగా వచ్చిన లారీ గుద్దింది. ఆటోలో పన్నెండు మంది ఉన్నారు. 34 ఏళ్ల నా భార్య, ఇంకో ఇద్దరు చనిపోయారు. మా వదినకు కాలు విరిగితే రాడ్డు వేశారు. పోలీసులు ఆటో డ్రైవర్ మీదే కేసు రాశారు. ముగ్గురు ఎక్కే ఆటోలో పన్నెండు మంది ఎక్కారు కాబట్టి ఇన్సూరెన్స్ రాదంటున్నారు. డ్రైవర్‌కు బ్యాడ్జి (రవాణా బండి నడిపే అనుమతి) కూడా లేదంట. ఆటో ఓనర్ రెండు లక్షలు ఇస్తాను, రాజీ కాగితం మీద సంతకం పెట్టమంటున్నాడు. ఇన్సూరెన్స్ కంపెనీ తరఫున అని వచ్చిన ఒకాయన ఐదు లక్షలు త్వరగా ఇప్పిస్తానన్నాడు. కోర్టుకు పోతే వాయిదాలకు పల్నాడు తిరగాలట. నాకు ముగ్గురు పిల్లలు. ఐదు నెలలు కావస్తోంది. ఏం చేయమంటారు?

జవాబు: ముందుగా ఒక్క మాట. ఈ జవాబు పూర్తిగా చదివి, ఒక వకీలుతో మాట్లాడేదాకా ఎవరు తెచ్చిన కాగితం మీదా సంతకం పెట్టకండి, వేలిముద్ర వేయకండి. మీరు రాసినదాన్ని బట్టి చూస్తే మీకున్న అసలు ప్రమాదం ఆ రెండు లక్షల కాగితమూ, ఆ ఐదు లక్షల కాగితమూనే. ఆటోలో ఎంతమంది ఎక్కారన్నది దాని తర్వాత వచ్చే సంగతి.

పల్నాడు తిరగాలన్న భయం వదిలేయండి. మోటారు వాహనాల చట్టం 166వ సెక్షన్ ప్రకారం పరిహారం పిటిషన్‌ను ప్రమాదం జరిగిన చోట వేయవచ్చు, ఎదుటివాళ్లు ఉండే చోట వేయవచ్చు, లేదా మీరు నివాసముండే చోట వేయవచ్చు. వీటిలో ఏది కావాలో ఎంచుకునే హక్కు మీదే. ఆధార్, రేషన్ కార్డు కోసిగి చిరునామాతో ఉన్నాయి కాబట్టి మీ జిల్లాలోని మోటారు ప్రమాదాల ట్రిబ్యునల్‌లోనే వేయండి. సుగ్గికి పోయేవాళ్లు ఏడాదిలో కొన్ని నెలలు ఊళ్లో ఉండరు. అయినా సొంత ఊరు సొంత ఊరే. పిల్లలు చదివేదీ, ఓటు ఉండేదీ అక్కడే. ఈ సంగతి తెలియక ఎన్నో కుటుంబాలు దూరానికి భయపడి చిన్న మొత్తాలకే రాజీ పడిపోతున్నాయి. నాకు చాలా బాధ కలిగించే విషయం ఇది.

రెండోది గడువు. 2022 ఏప్రిల్ 1 నుంచి అమల్లోకి వచ్చిన సవరణ ప్రకారం ప్రమాదం జరిగిన ఆరు నెలల లోపు పిటిషన్ వేయాలి. ఆ నిబంధన చెల్లుతుందా లేదా అన్న వివాదం సుప్రీంకోర్టు ముందుంది. ఆరు నెలలు దాటిందన్న ఒక్క కారణంతో పిటిషన్లు కొట్టేయవద్దని 2025 నవంబరులో సుప్రీంకోర్టు మధ్యంతర ఉత్తర్వు ఇచ్చింది. కానీ మధ్యంతర ఉత్తర్వును నమ్ముకుని చేతిలో ఉన్న నెలను పోగొట్టుకోవద్దు. కాగితాలన్నీ చేతికి రాకపోయినా పిటిషన్ వేసేయవచ్చు, మిగిలినవి తర్వాత దాఖలు చేయవచ్చు.

ఇక ఆ ఐదు లక్షల సంగతి. అది ఎవరి దయా కాదు. చట్టం 164వ సెక్షన్ కింద, తప్పు ఎవరిదో రుజువు చేయనక్కర్లేకుండా, మరణానికి 5 లక్షలు, తీవ్ర గాయానికి 2.5 లక్షలు వస్తాయి. వినడానికి బాగుంటుంది. అయితే 166వ సెక్షన్‌లోనే ఇంకో మాట ఉంది. కంపెనీతో సెటిల్‌మెంట్ పద్ధతిలో ఆ 164 పరిహారాన్ని ఒప్పుకుని తీసుకుంటే, ట్రిబ్యునల్‌లో మీరు వేసిన పెద్ద పిటిషన్ రద్దయిపోతుంది. ఇంటికొచ్చి ఐదు లక్షలు ఇప్పిస్తానన్న మనిషి ఈ సంగతి చెప్పి ఉండడు.

మీకు న్యాయంగా ఎంత రావచ్చో లెక్క వేసి చూపిస్తాను. ఇంటి పని, కూలి పని కలిపి మీ భార్య ఆదాయాన్ని ట్రిబ్యునల్ నెలకు 12,000 రూపాయలుగా తీసుకుందనుకోండి. ఇది ఉదాహరణకు వేసిన అంకె మాత్రమే. ఏడాదికి 1,44,000. వయసు నలభై లోపు కాబట్టి భవిష్యత్తులో పెరిగే ఆదాయం కింద 40 శాతం కలపాలని 2017లో ప్రణయ్ సేఠీ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అప్పుడు 2,01,600 అవుతుంది. మీరు, ముగ్గురు పిల్లలు కలిపి నలుగురు ఆధారపడ్డవాళ్లు కాబట్టి ఆమె సొంత ఖర్చు కింద నాలుగో వంతు తీసేస్తారు. మిగిలేది 1,51,200. 31 నుంచి 35 ఏళ్ల మధ్య వయసుకు 2009 నాటి సరళా వర్మ తీర్పు ప్రకారం దాన్ని 16తో గుణించాలి. అది 24,19,200. భర్తకు, పిల్లలకు తోడు కోల్పోయినందుకు ఇప్పటి లెక్కలో ఒక్కొక్కరికి 48,400, అంత్యక్రియలకు 18,150, ఆమె కూడబెట్టి ఉండే ఆస్తి కోల్పోయిన నష్టం కింద మరో 18,150 కలిపితే మొత్తం 26,49,100 రూపాయలు. దీనిపై పిటిషన్ వేసిన రోజు నుంచి వడ్డీ కూడా అడగవచ్చు. ఆదాయం తక్కువగా తీసుకుంటే మొత్తం తగ్గుతుంది, ఎక్కువగా తీసుకుంటే పెరుగుతుంది. ఎటు పోయినా ఓనర్ చెప్పే రెండు లక్షలకు ఎంతో దూరంలో ఉంటుంది.

ఆదాయం దగ్గరే అవతలి వకీలు గట్టిగా పట్టుకుంటాడు. ‘మిర్చి కోతలు మూడు నెలలే, మిగతా ఏడాది ఖాళీ’ అంటాడు. దీనికి మీరు ముందే సిద్ధంగా ఉండాలి. కోతలు లేని రోజుల్లో ఆమె ఉపాధి హామీ పనికి పోయి ఉంటే జాబ్ కార్డు తీసి పెట్టండి. డ్వాక్రా సంఘం పాస్‌బుక్కులో నెలనెలా కట్టిన వాయిదాలు ఆమె సంపాదనకు మంచి సాక్ష్యం. మేస్త్రీ నోటు పుస్తకంలో కూలి లెక్కలు ఉంటే ఫోటో తీయించుకోండి. ఫోన్‌పేలో కూలి పడి ఉంటే ఆ వివరాలు కూడా. ఇవేవీ లేకపోయినా కేసు పోదు. కాగితం లేని కూలీలకు కనీస వేతనాలను ఆధారంగా తీసుకుని లెక్క కడతారు. ఇంట్లో చేసే చాకిరీకీ విలువ కట్టాలని 2021లో కీర్తి కేసులో సుప్రీంకోర్టు స్పష్టంగా చెప్పింది. వంట, నీళ్లు, ముగ్గురు పిల్లల ఆలనాపాలనా, గొడ్లు ఉంటే వాటి పని, అన్నీ మీ సాక్ష్యంలో వివరంగా చెప్పండి. సిగ్గుపడి తగ్గించి చెప్పవద్దు.

ఎక్కువమంది ఎక్కారన్న అభ్యంతరానికి వస్తాను. ఎక్కువమంది ఎక్కిన ఆటోలో కూర్చున్నంత మాత్రాన తప్పు మీ భార్యది అయిపోదు. ఆ ఎక్కడం వల్లే ప్రమాదం జరిగిందనో, దానివల్లే దెబ్బ పెరిగిందనో రుజువు చేయాలి. బైకు మీద ముగ్గురు వెళ్లిన కేసులో 2020లో సుప్రీంకోర్టు ఇదే చెప్పింది. అయితే ఆటో ఇన్సూరెన్స్ కంపెనీ బాధ్యతకు ఒక హద్దు ఉంది. పర్మిట్ ముగ్గురికే ఉంటే, ఈ ప్రమాదంలో అందరికీ వచ్చిన తీర్పుల్లో ఎక్కువ మొత్తం ఉన్న ముగ్గురి పరిహారం మేరకే కంపెనీ కడుతుంది. ఆ సొమ్మును అందరికీ దామాషాగా పంచుతారు, మిగిలింది ఆటో ఓనర్ దగ్గర రాబట్టుకోవాలి. 2007లో అంజనా శ్యామ్ కేసులో వచ్చిన తీర్పు ఇది. ఓనర్‌కు ఆస్తి లేకపోతే ఆ మిగిలింది కాగితం మీదే ఉండిపోతుంది.

అందుకే మీ కేసులో లారీ చాలా ముఖ్యం. లారీ ఓనర్‌నూ, లారీ ఇన్సూరెన్స్ కంపెనీనీ పిటిషన్‌లో తప్పకుండా చేర్చండి. లారీ లెక్కలో ఆటోలోని కూలీలంతా బయటివాళ్లు, అంటే థర్డ్ పార్టీ. ముగ్గురు, పన్నెండు మంది అన్న హద్దు వాళ్లకు వర్తించదు. రెండు బండ్ల తప్పూ ఉందని తేలితే, మొత్తం పరిహారాన్ని ఇద్దరిలో ఎవరి దగ్గరైనా వసూలు చేసుకోవచ్చని 2015లో ఖేన్యీ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. తర్వాత వాళ్లూ వాళ్లూ పంచుకుంటారు.

పోలీసులు ఆటో డ్రైవర్ మీదే రాశారు కదా అంటారేమో. ఎఫ్‌ఐఆర్ ఆఖరి మాట కాదు. క్రిమినల్ కోర్టులో కావలసినంత గట్టి రుజువు ఇక్కడ అక్కర్లేదు, ఏది జరిగి ఉండటానికి ఎక్కువ అవకాశం ఉందో ట్రిబ్యునల్ చూస్తుంది. ప్రమాద స్థలం స్కెచ్‌లో లారీ టైర్ల గుర్తులు రోడ్డు మధ్య గీతకు ఏ పక్కన ఉన్నాయో, మోటారు వెహికిల్ ఇన్‌స్పెక్టర్ రిపోర్టులో ఏ బండికి ఏ వైపు దెబ్బ తగిలిందో మీ వకీలు చేత చూపించుకోండి. మీ వదిన కళ్లారా చూసిన సాక్షి, పైగా గాయపడ్డ సాక్షి. ఆమె మాటకు విలువ ఎక్కువ. లారీ ఎంత వేగంగా వచ్చింది, లైట్లు ఉన్నాయా, ఏ పక్క నుంచి వచ్చింది అన్నవి గుర్తున్నప్పుడే రాసి పెట్టుకోమనండి.

బ్యాడ్జి లేదన్న మాట పెద్దగా నిలబడదు. లైట్ మోటార్ వెహికిల్ లైసెన్స్ ఉన్నవాళ్లు 7,500 కిలోల లోపు రవాణా వాహనాలు నడపవచ్చని 2024 నవంబరులో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం తేల్చింది. ఆటో దానికి లోబడే ఉంటుంది. అసలు లైసెన్సే లేదంటే అది వేరే సంగతి, అప్పుడు లారీ మీద మీరు పెట్టిన క్లెయిమ్ ఇంకా ముఖ్యమవుతుంది. మీ ఊరివాళ్లు ట్రాక్టర్ ట్రక్కుల్లో కూడా పోతుంటారు కాబట్టి ఒక్క మాట చెబుతాను. సరుకు బండిలో ప్రయాణికులుగా ఎక్కిన మనుషులకు ఇన్సూరెన్స్ వర్తించదని 2002లోనే సుప్రీంకోర్టు తీర్పు వచ్చింది. కొన్ని కేసుల్లో కంపెనీ ముందు కట్టి తర్వాత ఓనర్ దగ్గర రాబట్టుకోమని కోర్టులు చెప్పినా, ట్రక్కులో ప్రయాణం ప్రాణానికే కాదు, పరిహారానికీ ముప్పే.

రాజీ కాగితం గురించి కూడా చెప్పాలి. నిర్లక్ష్యంగా బండి నడిపి మరణానికి కారణమైన కేసు రాజీకి వీలున్న నేరం కాదు. మీరు సంతకం పెట్టినా ఆ కేసు మాఫీ కాదు. మరి ఓనర్‌కు ఆ కాగితం దేనికి? రేపు మీరు గట్టిగా సాక్ష్యం చెప్పకుండా ఉండటానికి, ట్రిబ్యునల్‌లో ‘వీళ్లకు పరిహారం ఇచ్చేశాం’ అని చూపించడానికి. ఏదైనా డబ్బు సాయంగా ఇస్తానంటే బ్యాంకు ద్వారా తీసుకోండి. ‘పూర్తి పరిహారం ముట్టింది’ అన్న మాట ఉన్న కాగితం మీద మాత్రం సంతకం వద్దు.

స్టేషన్ నుంచి ఎఫ్‌ఐఆర్, శవ పంచనామా, పోస్టుమార్టం రిపోర్టు, స్కెచ్, ఇన్‌స్పెక్టర్ రిపోర్టు, రెండు బండ్ల ఆర్సీ, పర్మిట్, పాలసీ, డ్రైవర్ల లైసెన్స్ కాపీలు అడగండి. ప్రమాదం జరిగిన 48 గంటల్లో మొదటి నివేదిక, 90 రోజుల్లో పూర్తి నివేదిక పోలీసులే ట్రిబ్యునల్‌కు పంపాలని 2022 నుంచి నిబంధన ఉంది. వాటి కాపీలు మీకు అందాయా అని ఎస్సైని రాతపూర్వకంగా అడగండి. అలాగే ఆమె బ్యాంకు ఖాతాలో ఏటా 20 రూపాయలో, 436 రూపాయలో కట్ అవుతున్నాయేమో ఈ వారమే బ్యాంకుకు వెళ్లి కనుక్కోండి. అవి ప్రధానమంత్రి బీమా పథకాల ప్రీమియంలు, ఒక్కోదానికి 2 లక్షలు వస్తాయి. ఆ డబ్బు ట్రిబ్యునల్ పరిహారంలోంచి తగ్గించేది కాదు.

వకీలు ఖర్చుకు భయపడవద్దు. జిల్లా న్యాయసేవాధికార సంస్థ ఉచితంగా వకీలును ఇస్తుంది. మహిళలకు, పిల్లలకు, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో పనిలేకుండానే, మిగతావాళ్లకు ఆదాయ పరిమితి లోపు. మీ పిల్లలు, వదిన నేరుగా అర్హులే. 15100కు ఫోన్ చేస్తే దారి చెబుతారు. సొంతంగా వకీలును పెట్టుకుంటే, వచ్చే సొమ్ములో ఇంత శాతం ఇవ్వాలన్న ఒప్పందానికి ఒప్పుకోకండి. అది బార్ కౌన్సిల్ నిబంధనలకు విరుద్ధం. ఖాళీ కాగితాల మీద, ఖాళీ చెక్కుల మీద సంతకాలు అసలే వద్దు. చనిపోయిన మరో ఇద్దరి కుటుంబాలు, గాయపడ్డవాళ్లు అందరూ కలిసి ఒకే చోట కేసులు వేయడం మంచిది. ఒకరి సాక్ష్యం ఇంకొకరికి పనికొస్తుంది, పంపకం దగ్గర గొడవ కూడా తగ్గుతుంది.

మీ వదిన విడిగా పిటిషన్ వేయాలి. ఆస్పత్రి బిల్లులు, డిశ్చార్జ్ కాగితం, ఎక్స్‌రేలు జాగ్రత్త చేయండి. కాలు కుదురుకున్నాక ప్రభుత్వ మెడికల్ బోర్డు నుంచి వైకల్య ధ్రువపత్రం తీసుకోండి. ఆ పత్రంలో కాలికి 30 శాతం అని ఉన్నా, సంపాదన నష్టం 30 శాతమే అనుకోనక్కర్లేదు. ఆ మనిషి చేసే పనికి ఆ వైకల్యం ఎంత అడ్డమో చూడాలని 2010లో రాజ్‌కుమార్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. పొద్దస్తమానం సాళ్లలో వంగి కాయ కోసే మనిషికి కింద కూర్చోలేని, ఎక్కువసేపు నిలబడలేని కాలు అంటే దాదాపు పని పోయినట్టే. డాక్టర్‌ను ట్రిబ్యునల్‌కు పిలిపించి, ఆ మాట ఆయన నోటితోనే చెప్పించమని మీ వకీలును అడగండి.