మోల్ట్కేలు ఇద్దరండీ

1870లో ఫ్రాన్స్‌ను ఓడించిన జర్మన్ సేనాని మోల్ట్కే 1914లో, మొదటి ప్రపంచ యుద్ధంలో, ఫ్రాన్స్‌లోని మార్న్ నది దగ్గర ఎలా తడబడ్డాడని అడిగారు. వాళ్లిద్దరూ వేరండీ, పేరే ఒకటి. పెద్ద మోల్ట్కే 1891లోనే చనిపోయారు. 1914లో జనరల్ స్టాఫ్ (సైన్యానికి యుద్ధ పథకాలు వేసే కేంద్ర విభాగం) అధిపతి ఆయన తమ్ముడి కొడుకు.

ఇద్దరి మధ్య వాల్డర్సే, ష్లీఫెన్ ఆ పదవిలో ఉన్నారు. ష్లీఫెన్ 1905 నాటి పథకంలో ఫ్రాన్స్‌పై దాడికి జర్మన్ సైన్యం నెదర్లాండ్స్ మీదుగా కూడా వెళ్లాలి. చిన్న మోల్ట్కే ఆ నెదర్లాండ్స్ దారిని వదిలేశారు. దాంతో దారి ఇరుకై, బెల్జియంలోని లియేజ్ కోటలను వెంటనే పట్టుకోవాల్సి వచ్చింది. తర్వాత ఆయన లక్సెంబర్గ్‌లోనే ఉండి, సెప్టెంబర్ 8న యుద్ధరంగంలోని సేనల పరిస్థితి చూసి రమ్మని హెంచ్ అనే అధికారిని కారులో పంపారు. మర్నాడే జర్మన్ సేనల వెనకడుగు మొదలైంది. అయినా తప్పంతా ఆయన మీదే వేయడం అన్యాయమని నా అభిప్రాయం. వారాల తరబడి నడిచిన సైనికులు అప్పటికే అలసిపోయారు, సరఫరాలూ వెనకబడ్డాయి.