షెర్మన్‌లో విమానం రేడియో ఎందుకంటే
రెండో ప్రపంచ యుద్ధంలో, 1944 జూలైలో ఫ్రాన్స్‌లోని నార్మండీలో అమెరికా షెర్మన్ ట్యాంకుల్లోకి విమానాల రేడియో ఎందుకు ఎక్కించారని అడిగారు కదండీ. ట్యాంకులో ఉన్న రేడియో ఎస్‌సీఆర్-508: ఎఫ్ఎం, 20–27.9 మెగాహెర్ట్జ్. బాంబులు కూడా వేసే పీ-47 యుద్ధ విమానంలోది ఎస్‌సీఆర్-522: ఏఎం, 100–156. ఎంత తిప్పినా రెండూ కలవవు. అందుకే నేల మీది సేనకు తోడుగా ఎగిరే 9వ టాక్టికల్ ఎయిర్ కమాండ్ అధిపతి కెసాడా ఆ 522నే ముందు నడిచే ట్యాంకులో బిగించి, దాని దగ్గర ఓ పైలట్‌ని కూర్చోబెట్టాడు. నన్నడిగితే అసలు కిటుకు ఆ పైలటే. పైనుంచి ఏది ఎలా కనిపిస్తుందో అతనికి తెలుసు. "చెట్ల వరుస చివర, రోడ్డుకి ఎడమ" అని సూటిగా చెప్పగలడు. ట్యాంకుల దళం పైన ఆకాశంలో సాధారణంగా నాలుగు విమానాలు, వాటి ఇంధనం అయ్యేలోపు మరో నాలుగు. తమ ట్యాంకే అని పైవాళ్లు గుర్తుపట్టేలా వెనక ఇంజన్ మూత మీద రంగు గుడ్డ పరవాలి. అది దుమ్ముకొట్టుకుపోతే సొంత బాంబులే నెత్తిన పడొచ్చు. జూలై 25న సొంత బాంబులకే 111 మంది అమెరికన్లు చనిపోయింది మాత్రం వేరు, అది ఎత్తు నుంచి గుంపుగా వేసిన బాంబర్ల పని.