డాక్టర్, ఫుట్‌బాలర్, కోచ్: మూడూ ఒకే మనిషి కాగలడా?

ప్రశ్న: మా అబ్బాయి ఇంటర్ బైపీసీ రెండో సంవత్సరం చదువుతున్నాడు. జిల్లా జూనియర్ ఫుట్‌బాల్ జట్టులో ఫార్వర్డ్, అంటే ముందు వరుసలో గోల్స్ కొట్టే ఆటగాడు. వాడు నీట్ రాసి డాక్టర్ కావాలని మా కోరిక. వాడేమో ఆటా వదలను, చదువూ వదలను అంటాడు. పూర్వం పౌలినో అల్కాంతరా అనే ఆటగాడు స్పెయిన్‌లోని బార్సిలోనా క్లబ్బుకు గోల్స్ కొడుతూనే డాక్టరయ్యాడట, తర్వాత స్పెయిన్ జట్టుకు కోచ్ కూడా అయ్యాడట. ‘ఆయన చేసింది నేనెందుకు చేయలేను?’ అని అడిగితే నా దగ్గర జవాబు లేకపోయింది. - ఒక తల్లి, ఖమ్మం

జవాబు: అమ్మా, మీ అబ్బాయి చెప్పిన మాటలో అబద్ధం లేదు. పైగా వాదించడానికి ఇంత గట్టి ఉదాహరణ వెతికి తెచ్చాడంటే ముచ్చటేసింది. ఆ కథ మొత్తం మీకు తెలిస్తే వాడితో మాట్లాడటం తేలికవుతుంది కాబట్టి ముందు అదే చెబుతాను.

అల్కాంతరా 1896లో ఫిలిప్పీన్స్‌లోని ఇలోఇలోలో పుట్టాడు. తండ్రి స్పెయిన్ సైన్యంలో అధికారి, తల్లి ఫిలిప్పీన్స్ మనిషి. కుటుంబం బార్సిలోనాకు చేరాక, 1912లో, పదిహేనేళ్ల వయసులో ఆ క్లబ్బుకు తొలి మ్యాచ్ ఆడి మూడు గోల్స్ కొట్టాడు. 1916లో తల్లిదండ్రులు మళ్లీ ఫిలిప్పీన్స్ వెళ్తూ కొడుకునూ వెంట తీసుకుపోయారు. అక్కడ వైద్యం చదువుతూనే 1917లో టోక్యోలో జరిగిన ఫార్ ఈస్టర్న్ క్రీడల్లో ఫిలిప్పీన్స్ తరఫున ఆడాడు. ఆ జట్టు జపాన్‌ను 15-2తో ఓడించింది. తర్వాత మలేరియా వచ్చినప్పుడు, బార్సిలోనాకు తిరిగి పంపిస్తేనే మందు మింగుతానని మొండికేశాడని ఒక కథ ఉంది. ఈ భాగం మాత్రం మీ అబ్బాయికి చెప్పకండి.

1918లో తిరిగి వచ్చాడు. జాక్ గ్రీన్‌వెల్ అనే ఇంగ్లిష్ కోచ్ అతణ్ని డిఫెన్స్‌లో ఆడించి చూశాడు. క్లబ్బు సభ్యులు ఊరుకోలేదు, మళ్లీ ముందు వరుసకే రప్పించారు. 1922లో బోర్డోలో ఫ్రాన్స్‌పై ఆడుతూ కొట్టిన బంతి గోల్ వలను చీల్చుకుని బయటపడింది. అప్పటి నుంచి ‘వల చించేవాడు’ అనే పేరు స్థిరపడిపోయింది.

మీ అబ్బాయి చదివాడో లేదో తెలియదు గానీ, నాకు ముఖ్యమనిపించే సంవత్సరం 1920. ఆ ఏడాది ఆంట్‌వెర్ప్ ఒలింపిక్స్‌కు స్పెయిన్ మొట్టమొదటిసారి ఫుట్‌బాల్ జట్టును పంపింది. అల్కాంతరాకు పిలుపు వచ్చింది. అదే సమయంలో వైద్యవిద్య చివరి పరీక్షలు. వెళ్లనన్నాడు. ఆ జట్టు రజత పతకంతో తిరిగి వచ్చింది. స్పెయిన్ చొక్కా అతను మొదటిసారి వేసుకున్నది మరుసటి ఏడాది, పాతికేళ్ల వయసులో, బెల్జియంపై. ఆ మ్యాచ్‌లోని రెండు గోల్సూ తనవే. దేశం తరఫున మొత్తం ఆడింది 5 మ్యాచ్‌లు, కొట్టింది 6 గోల్స్. అంటే రెండు పడవల మీద కాళ్లు పెట్టి నడిచాడనుకోకండి. రెండు తేదీలు ఢీకొన్నప్పుడు ఒకదాన్ని వదిలేశాడు, వదిలిన దాని విలువ తెలిసే వదిలాడు. 1927లో ముప్పై ఏళ్లకే ఆటకు స్వస్తి చెప్పి పూర్తిగా వైద్యంలోకి వెళ్లిపోయాడు.

కాలం కూడా అతనికి కలిసొచ్చింది. స్పెయిన్‌లో ఆటగాళ్లకు జీతాలివ్వడాన్ని అధికారికంగా ఒప్పుకున్నదే 1926లో. జాతీయ లీగ్ మొదలైంది 1929లో. అంతకుముందు ప్రాంతీయ పోటీలు, ఒక కప్పు పోటీ, మిగతావన్నీ స్నేహపూర్వక మ్యాచ్‌లు. అతని ఖాతాలో చెప్పే 357 మ్యాచ్‌లు, 369 గోల్స్ స్నేహపూర్వక మ్యాచ్‌లను కలిపిన లెక్కే. మెస్సీ 2014లో ఆ గోల్స్ లెక్కను దాటాడు. ఒక వైద్య విద్యార్థి అలాంటి ఫుట్‌బాల్‌లో ఇమిడిపోగలిగాడు. ఇప్పుడు ఎంబీబీఎస్ అంటే నాలుగున్నరేళ్ల చదువు, పైన ఏడాది ఇంటర్న్‌షిప్. హాజరు థియరీకి 75 శాతం, ప్రాక్టికల్స్‌కు 80 శాతం ఉండాలి. ఒక ఫార్వర్డ్ వృత్తి ఆటగాడిగా నిలబడతాడో లేదో తేలే వయసు కూడా సరిగ్గా అదే. మీ అబ్బాయి కాలేజీ జట్టుకో, విశ్వవిద్యాలయ జట్టుకో ఆడుతూ డాక్టర్ కావచ్చు, అడ్డేమీ లేదు. పై స్థాయి క్లబ్బుకు ఆడుతూ డాక్టర్ కావడం వేరే సంగతి. దానికి నేను భరోసా ఇవ్వలేను.

ఇక కోచ్ మాట. నాకు కాస్త చిరాకు కలిగించేది ఇదే. ‘ఆట అయిపోయాక కోచ్ అవుతాను’ అని నా దగ్గరకు వచ్చే పిల్లలు చాలామంది అంటారు, అదేదో పింఛను అయినట్టు. అల్కాంతరా 1951లో మరో ఇద్దరితో కలిసి స్పెయిన్ జట్టు బాధ్యత తీసుకున్నాడు. ఆట మానిన 24 ఏళ్లకు. అది మూడంటే మూడు మ్యాచ్‌లు: స్విట్జర్లాండ్‌పై 6-3 గెలుపు, బెల్జియంతో 3-3, స్వీడన్‌తో 0-0. ఓటమి లేదు, నిజమే. కానీ అది పెద్దాయనకు దక్కిన గౌరవమే తప్ప బతుకుతెరువు కాదు. ఇంట్లో పొయ్యి వెలిగింది వైద్యంతోనే.

కోచింగ్‌నే వృత్తిగా చేసుకున్న మనిషి కథ కావాలంటే బార్సిలోనా దాకా పోనక్కర్లేదు. హైదరాబాద్‌కు చెందిన సయ్యద్ అబ్దుల్ రహీమ్ ఉపాధ్యాయుడు. 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో భారత్‌ను నాలుగో స్థానానికి, 1962 జకార్తా ఆసియా క్రీడల్లో స్వర్ణానికి తీసుకెళ్లిన కోచ్ ఆయనే. ఆయన పేరు నిలిచింది ఆటగాడిగా కాదు, ఆట నేర్పినవాడిగా. ఇప్పుడు ఆ దారికి మెట్లున్నాయి: కోచ్‌లకిచ్చే లైసెన్సుల్లో డి, ఆపైన సి, బి, ఏ, చివర ప్రో. ప్రతి మెట్టుకూ కోర్సు, పరీక్ష, మధ్యలో పిల్లలకు నేర్పిన అనుభవం. డాక్టరయ్యాక కూడా డి లైసెన్సు కోర్సు చేయవచ్చు, ఎవరూ కాదనరు. వైద్యం, మైదానం రెండూ కావాలంటే ఎంబీబీఎస్ తర్వాత స్పోర్ట్స్ మెడిసిన్, అంటే క్రీడాకారుల వైద్యం ఉంది. ఎంబీబీఎస్‌కు సరిపడా నీట్ ర్యాంకు రాకపోతే ఫిజియోథెరపీ ఉంది. జట్టుతో పాటు ప్రయాణించే ఫిజియోకు మైదానం పక్కనే చోటు.

ఈ ఏడాదికి నా సలహా చిన్నది. నీట్ అయ్యేదాకా ఆట మాన్పించకండి. రోజుకు గంట చాలు, అది చదువుకే మేలు. బయటి టోర్నమెంట్లు మాత్రం పరీక్ష తర్వాతే. ఒకసారి వాడిని కూర్చోబెట్టి, 1920 సంగతి చెప్పి, రాష్ట్ర జట్టు ఎంపికా నీట్ పరీక్షా ఒకే రోజు పడితే ఎటు వెళ్తావని అడగండి. మీరేమీ అందించకండి. ఏం చెప్పాడో, ఎందుకని చెప్పాడో రెండు ముక్కలు నాకు రాయండి.